స్వయంపాలన ఏ రూపంలో అడగాలి: సరిహద్దు జిల్లా నుంచి ఒక పోలిక

తిరుపతిలో రాయలసీమ హక్కుల సభ జరిగినా, విశ్వవిద్యాలయంలో వక్తృత్వ పోటీ జరిగినా, వేదిక మీద వినిపించే కోరికలు ఇంచుమించు ఒకటే వరుసలో ఉంటాయి: ప్రత్యేక రాష్ట్రం, ప్రత్యేక ప్రతిపత్తి, చట్టబద్ధమైన అభివృద్ధి మండలి, కర్నూలులో హైకోర్టు. ఒకే రాజ్యంలో అనేక భాషలూ జాతులూ ప్రాంతాలూ కలిసి బతికే ప్రతిచోటా ఇలాంటి జాబితాలు ఉన్నాయి. అయితే జాబితాలోని ఒక్కొక్క కోరికా ఒక్కొక్క రకం జబ్బుకు మందు అన్న సంగతిని మన చర్చలు పెద్దగా పట్టించుకోవు. ఈ విషయం మీద వాదించబోయే విద్యార్థులకూ, వినతిపత్రం రాయబోయే సంఘాలవారికీ పనికివస్తుందని ఈ పోలికను రాస్తున్నాను. దీనిలో నా మొగ్గును దాచుకోదలచుకోలేదు. ఎన్ని అధికారాలు ఇచ్చారన్నదానికంటే, ఇచ్చినదాన్ని రద్దు చేయాలంటే ఎవరి సమ్మతి కావాలన్నదే స్వయంపాలనలో అసలు ప్రశ్న అని నేననుకుంటాను. మిగతా పోలికలన్నింటినీ ఆ ప్రశ్న వెలుగులోనే చూస్తాను.

ముందు తేల్చుకోవలసినవి

ఏ నమూనా మంచిదని అడిగే ముందు రెండు విషయాలు తేల్చుకోవాలి. ఫిర్యాదు దేని గురించి, ఫిర్యాదు చేసేవారు ఎలా నివసిస్తున్నారు అన్నవే ఆ రెండూ. భాషకు గౌరవం లేదన్న బాధ వేరు, నీళ్లూ నిధులూ రావడం లేదన్న బాధ వేరు, మన నేల మనకు కాకుండా పోతుందన్న భయం వేరు. అలాగే ఒకేచోట గుంపుగా ఉన్న ప్రజలకు సరిపడే ఏర్పాటు, నాలుగు జిల్లాల్లో చెదిరి ఉన్నవారికి సరిపోదు.

ఉమ్మడి చిత్తూరు జిల్లాలోనే ఈ తేడాలన్నీ కనిపిస్తాయి. నగరి, సత్యవేడు వైపు తమిళం మాట్లాడే కుటుంబాలు తరతరాలుగా ఉన్నాయి. కుప్పంలో తెలుగు, తమిళం, కన్నడం కలగలిసి వినిపిస్తాయి. గిరిజనులైన యానాదులు తిరుపతి, నెల్లూరు జిల్లాల్లో ఊరికి కొన్ని ఇళ్లుగా చెదిరి ఉన్నారు. ఇక తెలుగు మాట్లాడే రాయలసీమవారి ఫిర్యాదు భాష గురించి కానే కాదు. తమతో అదే భాష మాట్లాడే కోస్తా ప్రాంతంతో పోల్చుకున్నప్పుడు నీటిలోనూ సంస్థలలోనూ తమ వాటా తగ్గిందన్నది వారి బాధ. ఈ నలుగురికీ ఒకే మందు రాసే వైద్యుడిని నమ్మలేం.

భాష గీసిన సరిహద్దు

మొదటి నమూనా మనకు బాగా తెలిసినదే. ఒక భాషవారు ఎక్కువగా ఉన్న ప్రాంతాన్ని ఒక రాష్ట్రంగా చేసి, మిగతా రాష్ట్రాలతో సమానమైన అధికారాలు ఇవ్వడం. పొట్టి శ్రీరాములు ఆత్మార్పణ తరువాత 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం ఏర్పడడం, 1956లో దేశమంతటా రాష్ట్రాల పునర్వ్యవస్థీకరణ జరగడం ఈ దారిలోనివే. భాష విషయంలో ఈ ఏర్పాటు మంచి ఫలితాలనే ఇచ్చింది. భాషా రాష్ట్రాలు దేశాన్ని ముక్కలు చేస్తాయని ఢిల్లీలో ఆనాడు భయపడినవారు చాలామందే ఉన్నారు కాని, భాషను అణచివేసిన చోటే దేశాలు చీలాయి. ఉర్దూ ఒక్కటే జాతీయ భాష అన్న పట్టుదల తూర్పు పాకిస్తాన్‌లో 1952 నాటి భాషా ఉద్యమానికి దారితీసింది. 1971లో ఆ ప్రాంతం బంగ్లాదేశ్‌గా విడిపోవడానికి గల కారణాలలో అదొకటి.

ఈ నమూనాకు ఉన్న ఇబ్బంది సరిహద్దు దగ్గర బయటపడుతుంది. గీత ఎక్కడ గీసినా అవతలి భాషవారు కొందరు ఇవతల ఉండిపోతారు. తిరుత్తణి సంగతి మన జిల్లా పెద్దలకు గుర్తుండే ఉంటుంది. 1953 తరువాత ఆ తాలూకా చిత్తూరు జిల్లాలో ఉండగా, తిరుత్తణితో పాటు తిరుపతి కూడా తమదేనని మా.పొ. శివజ్ఞానం వంటి తమిళ నాయకులు ఉద్యమించారు. మధ్యవర్తిగా వచ్చిన పటాస్కర్ గ్రామాన్ని యూనిట్‌గా తీసుకొని, జనాభా లెక్కల్లోని భాషాధిక్యాన్నీ భౌగోళిక సామీప్యాన్నీ బట్టి గ్రామాలను పంచారు. 1960 ఏప్రిల్ 1న తిరుత్తణి తాలూకాలో ఎక్కువ భాగం మద్రాసు రాష్ట్రానికి వెళ్లింది, సత్యవేడు ప్రాంతం చిత్తూరు జిల్లాకు వచ్చింది.

స్విట్జర్లాండులో జూరా ప్రాంతం విషయంలో ఇదే పనిని మరో పద్ధతిలో చేశారు. జర్మన్ మాట్లాడేవారు ఎక్కువగా ఉన్న బెర్న్ కాంటన్ (అక్కడి రాష్ట్రం) నుంచి ఫ్రెంచి మాట్లాడే జూరా విడిపోవాలా వద్దా అన్నదాన్ని అంచెలంచెలుగా ఓటింగుకు పెట్టారు. మొదట మొత్తం ప్రాంతం, తరువాత జిల్లాలు, ఆ తరువాత సరిహద్దు గ్రామాలు ఓటు వేశాయి. చివరికి 1978లో దేశమంతా ఓటు వేసి ఆమోదించగా, 1979లో జూరా కాంటన్ ఏర్పడింది. విశేషమేమిటంటే ఫ్రెంచి మాట్లాడే దక్షిణ జిల్లాలు బెర్న్‌తోనే ఉంటామన్నాయి. అక్కడివారు ప్రొటెస్టెంట్లు, ఉత్తరాదివారు కాథలిక్కులు. జనాభా లెక్కల్లోని భాష కాలమ్‌ను చూసి గీసి ఉంటే ఆ జిల్లాలు వాటి ఇష్టానికి విరుద్ధంగా అటు పోయేవి. మూతియే పట్టణం మాత్రం 2021లో మళ్లీ ఓటు వేసి, 2026 జనవరి 1న జూరాలో కలిసింది. సరిహద్దును తిరగదోడే మార్గాన్ని తెరిచి ఉంచడం అశాంతికి దారితీస్తుందని మనవాళ్లు అంటారు. అక్కడ జరిగింది దానికి భిన్నం.

ఎంపిక విషయానికి వస్తే, ఫిర్యాదు భాషదై, ఆ భాషవారు ఒకేచోట గుంపుగా ఉన్నప్పుడు ఈ నమూనాను ఎంచుకోవాలి. ఒకే భాష మాట్లాడే ప్రాంతాల మధ్య తగాదాకు ఇది ఏమీ చేయలేదు. రాయలసీమ కథ మొదలయ్యేది అక్కడే.

పెద్దమనుషుల మాట, శాసనం, రాజ్యాంగం

రెండో నమూనా, ఒక ప్రాంతానికి మాత్రమే వర్తించే ప్రత్యేక హామీ. దీనిలో మూడు తరగతులున్నాయి. నాయకుల మధ్య ఒప్పందం, మామూలు చట్టం, రాజ్యాంగ నిబంధన. చూడడానికి మూడింటిలోనూ రాసి ఉండేది ఒకటే కావచ్చు. బలంలో మాత్రం పొంతన లేదు.

1937 నవంబరు 16న మద్రాసులో కాశీనాథుని నాగేశ్వరరావు గారి ఇల్లు శ్రీబాగ్‌లో కోస్తా, రాయలసీమ నాయకులు కుదుర్చుకున్న ఒడంబడికను తీసుకోండి. రాజధాని, హైకోర్టులలో దేన్ని కోరుకోవాలో రాయలసీమ ఇష్టమని, కృష్ణా, తుంగభద్ర, పెన్న నీటి వాడకంలో సీమకు ప్రాధాన్యం ఇవ్వాలని, అనంతపురంలో విశ్వవిద్యాలయ కేంద్రం పెట్టాలని అందులో ఉంది. రాజధాని 1953లో కర్నూలుకు వచ్చింది, హైకోర్టు గుంటూరుకు వెళ్లింది, 1956లో రెండూ హైదరాబాదుకు చేరాయి. విశ్వవిద్యాలయం 1954లో తిరుపతిలో వెలసింది, అది మన ఊరి అదృష్టం. నీటి సంగతి మాత్రం నేటికీ సభల్లో మొదటి తీర్మానంగానే ఉంది. ఒడంబడికలో రాసినవారికి చిత్తశుద్ధి లేదని అనలేం. దానిని ఉల్లంఘిస్తే ఎక్కడికి వెళ్లి అడగాలన్నది మాత్రం అందులో లేదు.

ఆంధ్రతో కలవబోయే తెలంగాణకు రక్షణలు కల్పిస్తూ 1956 ఫిబ్రవరిలో కుదిరిన పెద్దమనుషుల ఒప్పందానిదీ అదే గతి. శ్రీలంకలోనూ ఇదే చూస్తాం. సింహళం ఒక్కటే అధికార భాష అన్న 1956 చట్టం తరువాత, తమిళ ప్రాంతాలకు కొన్ని అధికారాలిస్తామని ప్రధాని బండారనాయకే 1957లో తమిళ నాయకుడు సెల్వనాయకంతో ఒప్పందం చేసుకొని, మరుసటి ఏడాదే ఒత్తిడికి లొంగి రద్దు చేసుకున్నారు. 1965లో డడ్లీ సేనానాయకే చేసుకున్న మరో ఒప్పందమూ అమలు కాలేదు. మూడు దశాబ్దాల తరువాత, 1987లో, రాజ్యాంగానికి 13వ సవరణ చేసి మండలాలకు కౌన్సిళ్లు ఇచ్చేనాటికి అంతర్యుద్ధం ముదిరిపోయింది. సవరణలో రాసిన భూమి, పోలీసు అధికారాలను కొలంబో వదులుకోలేదు. ఉత్తర మండలికి తొలి ఎన్నికలు 2013లో గాని జరగలేదు. రాజ్యాంగంలోకి ఎక్కితే చాలు, అన్నీ వాటంతట అవే జరిగిపోతాయనుకునేవారు ఈ సంగతిని గమనించాలి.

మామూలు చట్టం ఒప్పందంకంటే మెరుగు, కాని చేసిన చేతులే దాన్ని తీసివేయగలవు. మన రాష్ట్ర శాసనసభ 2020లో కర్నూలును న్యాయ రాజధానిగా పేర్కొంటూ చేసిన చట్టాన్ని, 2021 నవంబరులో అదే ప్రభుత్వం ఉపసంహరించుకుంది. ఆ చట్టం మంచిదా కాదా అన్న వాదన వేరు. అది రావడానికైనా పోవడానికైనా కర్నూలులోని మనిషి సమ్మతి అవసరం కాలేదన్నది మాత్రం వాస్తవం. బ్రిటన్‌లో స్కాట్లండు పార్లమెంటు కూడా 1998 నాటి చట్టం ద్వారానే ఏర్పడింది. అక్కడ సంప్రదాయం బలమైనది కనుక దాన్ని రద్దు చేసే సాహసం ఎవరూ చేయరని నమ్మవచ్చు. అయినా స్వాతంత్ర్యంపై ప్రజాభిప్రాయ సేకరణకు సొంతంగా చట్టం చేసే అధికారం ఆ పార్లమెంటుకు లేదని 2022లో సుప్రీంకోర్టు తేల్చింది.

రాజ్యాంగ నిబంధనకు మనకు దగ్గరగా ఉన్న ఉదాహరణ 371-డి అధికరణ. తెలంగాణ ఉద్యోగాలలో స్థానికులకే అవకాశమన్న నిజాం కాలపు ముల్కీ నిబంధనలు చెల్లుతాయని 1972 అక్టోబరులో సుప్రీంకోర్టు తీర్పు ఇవ్వడం, దాని మీద ప్రత్యేక ఆంధ్ర రాష్ట్రం కోరుతూ జై ఆంధ్ర ఉద్యమం చెలరేగడం, 1973లో ఆరు సూత్రాల పథకం రావడం, దాన్ని 32వ సవరణ ద్వారా రాజ్యాంగంలో చేర్చడం వరుసగా జరిగాయి. తరువాత వచ్చిన రాష్ట్రపతి ఉత్తర్వులు విద్యా సంస్థల ప్రవేశాలలో 85 శాతం సీట్లను స్థానికులకు కేటాయించాయి. రాయలసీమ జిల్లాలతో పాటు నెల్లూరునూ శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయ ప్రాంతంగా లెక్కించాయి. ఉద్యోగాలలో జిల్లా, జోనల్ పోస్టులు వచ్చాయి, సీమ జిల్లాలు నాలుగో జోన్ అయ్యాయి. ఇంజనీరింగు కౌన్సెలింగుకు వెళ్లిన తల్లిదండ్రులకు ఈ ఏర్పాటు ఎలా పనిచేస్తుందో అనుభవపూర్వకంగా తెలుసు. ఆరో తరగతి నుంచి ఇంటర్ దాకా స్టడీ సర్టిఫికెట్లు వరుసగా పిన్ను చేసి పట్టుకొని నిలబడాలి. మధ్యలో ఒక ఏడాది బెంగళూరులోనో చెన్నైలోనో చదివి ఉంటే లెక్క మళ్లీ మొదటికి వస్తుంది.

ఆ సర్టిఫికెట్లలో గమనించదగిన అంశం ఒకటుంది. ఎన్నేళ్లు ఇక్కడ చదివారన్నదే అడుగుతారు గాని మాతృభాష ఏమిటని అడగరు. నగరిలో తమిళ మాధ్యమంలో చదివిన అమ్మాయి, తిరుపతిలో తెలుగు మాధ్యమంలో చదివిన అబ్బాయి ఆ 85 శాతంలో సమానులు. హోసూరులో పుట్టి అక్కడే చదివిన తెలుగు పిల్లవాడు మాత్రం అందులోకి రాడు. ఇటలీలోని దక్షిణ టిరోల్‌లో దీనికి భిన్నమైన పద్ధతి ఉంది. అక్కడ ప్రభుత్వోద్యోగాలను జర్మన్, ఇటాలియన్, లాడిన్ భాషా సమూహాలకు జనాభా నిష్పత్తిలో పంచుతారు, తాము ఏ సమూహానికి చెందుతారో ప్రజలే ప్రకటించుకోవాలి. భాష మీదే దాడి జరిగిన చరిత్ర ఉన్నచోట, అంటే ముస్సోలినీ కాలంలో జర్మన్ బడులను మూయించిన ప్రాంతంలో, ఆ పద్ధతికి కారణం ఉంది. అయితే రెండు భాషల ఇంట్లో పుట్టినవారిని అది ఇబ్బంది పెడుతుంది. మన సరిహద్దు మండలాల్లో అలాంటి ఇళ్లు లెక్కలేనన్ని కనుక, ఈ ఒక్క విషయంలో మన ఏర్పాటే మేలని నా అభిప్రాయం.

దక్షిణ టిరోల్ నుంచి రాయలసీమవారు నేర్చుకోవలసినది మరొకటుంది. 1946లో ఆస్ట్రియా, ఇటలీల మధ్య కుదిరిన ఒప్పందం ప్రకారం 1948లో స్వయంపాలన ఇచ్చారు గాని, ఇటాలియన్లు ఎక్కువగా ఉన్న ట్రెంటినోతో కలిపి ఒకే ప్రాంతంగా ఇచ్చారు. అంటే అధికారం వచ్చిన సభలోనే జర్మన్ మాట్లాడేవారు మైనారిటీ అయ్యారు. నిరసనలు, కొంతకాలం బాంబు దాడులు కూడా జరిగాక, 1972 నాటి రెండో శాసనం అసలు అధికారాలను బోల్జానో ప్రావిన్సుకు మార్చింది. 1992లో వివాదం ముగిసిందని ఆస్ట్రియా ప్రకటించింది. అధికారం ఎంత ఇచ్చారన్నదానితో పాటు ఏ పరిధికి ఇచ్చారన్నదీ చూడాలని చెప్పడానికి దీనిని మించిన ఉదాహరణ నాకు తెలియదు. రాష్ట్రానికి ఎన్ని అధికారాలు పెరిగినా, ఆ రాష్ట్ర శాసనసభలో తక్కువ స్థానాలున్న ప్రాంతానికి అవి వాటంతట అవే చేరవు.

డబ్బు లేని అధికారం

స్పెయిన్‌లో 17 స్వయంపాలిత ప్రాంతాలున్నాయి. బాస్క్ ప్రాంతం, నవార్రా తమ పన్నులను తామే వసూలు చేసుకొని కేంద్రానికి వాటా చెల్లిస్తాయి. బాస్క్ విషయంలో ఆ వాటాను కేంద్రం దగ్గరే మిగిలిన ఖర్చుల్లో 6.24 శాతంగా లెక్కగడతారు. కాటలోనియాకు ఈ ఏర్పాటు లేదు. 2006లో ఆ ప్రాంతం కొత్త శాసనం తెచ్చుకోగా రాజ్యాంగ న్యాయస్థానం 2010లో అందులోని కొన్ని భాగాలను కొట్టివేసింది. 2017లో మాడ్రిడ్ అనుమతి లేకుండానే స్వాతంత్ర్యంపై ఓటింగు జరిపారు, దాంతో కేంద్రం 155వ అధికరణను ప్రయోగించి ప్రాంతీయ ప్రభుత్వాన్ని తొలగించింది. బాస్క్ ప్రాంతం దశాబ్దాల సాయుధ హింసను చూసింది, కాటలోనియా ఉద్యమం ప్రధానంగా శాంతియుతమైనది. అయినా 2017 నాటి సంక్షోభం వచ్చింది కాటలోనియాలో. డబ్బు ఒక్కటే కారణమని చెప్పలేం గాని, పక్క ప్రాంతానికి ఉన్న పద్ధతి తమకు లేకపోవడం అక్కడ పెద్ద ఫిర్యాదే.

మన రాజ్యాంగంలోని ఆరో షెడ్యూలు ఈశాన్య గిరిజన ప్రాంతాలకు స్వయంపాలిత జిల్లా కౌన్సిళ్లను ఇచ్చింది. భూమి, గ్రామ పాలన, వారసత్వం వంటి వాటిపై అవి శాసనాలు చేయగలవు. అయితే ఆ శాసనాలకు గవర్నర్ ఆమోదం కావాలి, నిధుల కోసం రాష్ట్రం వైపు చూడాలి. అభివృద్ధి మండలి కావాలని అడిగే సంఘాలు ఈ సంగతిని మరవకూడదు. నిధుల వాటాను సూత్రంగా చట్టంలోనే రాయించుకోకపోతే, మండలి చైర్మన్ ఏటా బడ్జెట్ ముందు రాజధానికి వెళ్లి కూర్చోవలసిందే.

నేలతో సంబంధం లేని హక్కులు

చెదిరి ఉన్నవారికి ప్రాంతీయ స్వయంపాలన పనికిరాదు. ఎస్టోనియా 1925లో చేసిన చట్టం జర్మన్, యూదు వంటి మైనారిటీలకు, వారు దేశంలో ఎక్కడున్నా, తమ సభ్యుల జాబితా తయారుచేసుకొని, సాంస్కృతిక మండలిని ఎన్నుకొని, బడులు నడుపుకొనే హక్కు ఇచ్చింది. నార్వేలో 1989 నుంచి అక్కడి ఆదివాసులైన సామీ ప్రజలకు సొంత పార్లమెంటు ఉంది. మన రాజ్యాంగంలోని 29, 30, 350-ఏ అధికరణలు ఈ దిశలోనివే. ప్రాథమిక స్థాయిలో మాతృభాషలో బోధనకు సౌకర్యం కల్పించాలని 350-ఏ రాష్ట్రాలకు చెబుతుంది.

నగరి, సత్యవేడులలోని తమిళుల అవసరం ఇదే. వారికి వేరే మండలి అక్కరలేదు. తమిళ మాధ్యమ బడికి టీచరు పోస్టు ఖాళీ ఉండకపోవడం, పాఠ్యపుస్తకాలు సకాలంలో రావడం కావాలి. సరిహద్దుకు అవతల తమిళనాడులో 2006 నాటి తమిళ బోధన చట్టం వచ్చాక కృష్ణగిరి, హోసూరు ప్రాంతపు తెలుగు కుటుంబాలకు ఎదురైన చిక్కు కూడా ఇలాంటిదే. తెలుగువారి కోసం అక్కడ గొంతెత్తేవారు, ఇక్కడి తమిళ బడి గురించి కూడా మాట్లాడాలని నేను కోరుకుంటాను. యానాదుల విషయంలో నెల్లూరు కేంద్రంగా ఉన్న ఐటీడీఏ (సమగ్ర గిరిజనాభివృద్ధి సంస్థ) ఇదే తర్కం మీద, నేలను బట్టి కాక సమూహాన్ని బట్టి, పనిచేస్తోంది.

విడిపోయే హక్కును రాజ్యాంగంలోనే రాసుకోవడం అన్న మరో నమూనా ఉంది. ఇథియోపియా 1995 రాజ్యాంగంలోని 39వ అధికరణ అలాంటిదే. అది 2020-2022 మధ్య టిగ్రాయ్ యుద్ధాన్ని ఆపలేకపోయింది. కెనడా వేరే దారి పట్టింది. క్విబెక్ 1995లో ఒక్క శాతం పైచిలుకు తేడాతో విడిపోకుండా మిగిలాక, 1998లో అక్కడి సుప్రీంకోర్టు ఏకపక్షంగా విడిపోయే హక్కు లేదని, అయితే స్పష్టమైన ప్రశ్నకు స్పష్టమైన ఆధిక్యం వస్తే మిగతా దేశం చర్చలకు కూర్చోవలసిందేనని చెప్పింది. మన సందర్భానికి ఇది దూరపు విషయం కనుక దీని మీద ఎక్కువ ఆగను.

మరి రాయలసీమ ఏది అడగాలి

ప్రత్యేక రాష్ట్రం అడగవచ్చు. మూడో అధికరణ ప్రకారం పార్లమెంటు మామూలు మెజారిటీతో రాష్ట్రాన్ని ఏర్పాటు చేయగలదు. ఉన్న రాష్ట్రపు శాసనసభ అభిప్రాయాన్ని అడగాలి గాని దానికి కట్టుబడనక్కరలేదు. 2014 జనవరి 30న ఆంధ్రప్రదేశ్ శాసనసభ విభజన బిల్లును తిరస్కరించినా ఫిబ్రవరిలో పార్లమెంటు దాన్ని ఆమోదించింది. ఇక్కడ ఆశావహులు మరిచిపోయే సంగతి, కొత్త రాష్ట్రానికి కూడా ఇదే అధికరణ వర్తిస్తుందన్నది. పైగా నదికి దిగువన ఉన్నవారితో నీటి తగాదా రాష్ట్రం ఏర్పడితే తీరదు. అది శాసనసభ నుంచి ట్రిబ్యునల్‌కు మారుతుంది, అంతే. కృష్ణా జలాలపై తెలంగాణ, ఆంధ్రప్రదేశ్‌ల వివాదమే దీనికి సాక్ష్యం.

నా సలహా అడిగితే, సీమ ఫిర్యాదు నీరు, నిధులు, సంస్థలు కనుక, భాషా రాష్ట్ర నమూనాను పక్కన పెట్టి 371-డి నమూనాను విస్తరింపజేయమని కోరడం మేలంటాను. ఇప్పుడు ఆ అధికరణ విద్యకూ ఉద్యోగాలకూ పరిమితమై ఉంది. విదర్భ, మరాఠ్వాడా, మిగతా మహారాష్ట్రలకు అభివృద్ధి మండళ్ల ఏర్పాటును, నిధుల సమాన పంపిణీని గవర్నర్ ప్రత్యేక బాధ్యతగా అప్పగించడానికి వీలు కల్పించే 371(2) అధికరణ రాజ్యాంగంలో ఇప్పటికే ఉంది. కర్ణాటకలోని హైదరాబాద్-కర్ణాటక ప్రాంతం కోసం 2012లో చేసిన 98వ సవరణతో 371-జె వచ్చింది. అందులో అభివృద్ధి మండలి, ఏటా శాసనసభకు నివేదిక, విద్యా ఉద్యోగాలలో స్థానిక రిజర్వేషను అన్నీ ఒకేచోట ఉన్నాయి. ఆ ప్రాంతంలోని బళ్లారి, రాయచూరు జిల్లాలు మన సీమను ఆనుకొనే ఉన్నాయి, కరవులోనూ మనకు చుట్టాలే. కాబట్టి కొత్త వినతిపత్రం రాసేవారు 371-జె పాఠాన్ని ముందు పెట్టుకొని, దానిలో లేని రెండు అంశాలను చేర్చితే సరిపోతుంది. ఒకటి, నిధుల వాటాను శాతంగా గాని సూత్రంగా గాని రాయడం. రెండు, మండలిని రద్దు చేయడానికి గాని దాని పరిధిని మార్చడానికి గాని రాయలసీమ శాసనసభ్యులలో మెజారిటీ సమ్మతి కావాలన్న నిబంధన. ఫిన్లండులో స్వీడిష్ మాట్లాడే ఓలండ్ దీవుల శాసనంలో ఇలాంటి రక్షణే ఉంది; ఆ దీవుల సభ ఒప్పుకోకుండా హెల్సింకి దాన్ని సవరించలేదు. అక్కడి జనాభా ముప్పై వేలు మాత్రమే.